సీతానామము: అర్థము, ఆచారము, అపవాదము

షోడశ సంస్కారములలో నామకరణము ఒకటి. పుట్టిన శిశువు ఈ సంస్కారముతోనే కుటుంబమునకు, ఊరికి పరిచితమగును. మన పూర్వులు పేరును గుర్తుగా మాత్రమే కాక ఆశీస్సుగా కూడ భావించిరి. రోజునకు పదిమార్లు పిలువబడు మాట పదిమార్లు పలుకబడు దీవెన కావలెనని వారి తలంపు. అట్టి సంస్కారమున ఇటీవల ఒక వింత భయము ప్రవేశించినది. ఆడపిల్లకు ‘సీత’ అని పేరు పెట్టినచో ఆమె జీవితమంతయు కష్టములపాలగునని అనేకులు నమ్ముచున్నారు. ఈ నమ్మకమునకు శాస్త్రమున ఆధారము కలదా, ఆ పేరునకు అసలు అర్థమేమి, ఈ భయము ఎచటినుండి వచ్చినది అను విషయములను విచారించుటయే ఈ వ్యాసోద్దేశము.

ఈ విచారమునకు గంభీరావుపేట తగిన తావు. 2016 వరకు కరీంనగరు జిల్లాలోను, తరువాత రాజన్న సిరిసిల్ల జిల్లాలోను చేరిన ఈ ఊర సీతారామస్వామి ఆలయము కలదు. అందలి నందాదీపము కాకతీయ ప్రతాపరుద్రుని కాలమునుండి ఆరక వెలుగుచున్నదని స్థలపరంపర. చైత్రశుద్ధ నవమినాడు ఊరూర జరుగు సీతారామకల్యాణమునకు పెండ్లి కావలసిన కన్యలను తల్లులు వెంటబెట్టుకొని వత్తురు. కల్యాణాక్షతలను కొంగున కట్టుకొని పోయి ఆ పిల్లల తలపై చల్లుదురు. మన పెండ్లి శుభలేఖలపై జానకి దోసిట తలంబ్రాలను వర్ణించు శ్లోకమును అచ్చువేయించుట తెలుగునాట సర్వసాధారణము. ఇట్లు సీత చేతి అక్షతలు కావలెను, సీత పెండ్లి శ్లోకము కావలెను. సీత పేరు మాత్రము వద్దు. “సీతమ్మ పేరు పెడితె పిల్ల బతుకంత గోస పడ్తదట గదా అయ్యగారూ, ఇంకేదన్న చెప్పుండ్రి” అని నామకరణమునకు ముహూర్తమడుగ వచ్చిన పెద్దముత్తైదువలు నాతో పలికిన సందర్భములు పెక్కు. వారిలో భక్తి లేనివారు ఒక్కరును లేరు.

మొదట అర్థమును విచారింతము. సీతా శబ్దము దంత్య సకారముతోను దీర్ఘమైన ఈకారముతోను కూడినది. హ్రస్వముతోనుండు ‘సిత’ తెల్లనిదను అర్థము కలది. తాలవ్య శకారముతోనుండు ‘శీత’ చల్లనిదను అర్థము కలది. ఈ మూడింటిని కలగలిపి సీత యనగా చల్లనిదనియు తెల్లనిదనియు చెప్పుచుందురు గాని అది సరికాదు. అమరసింహుడు వైశ్యవర్గమున, కృషికి సంబంధించిన పదముల నడుమ, ఈ శబ్దమును చేర్చి నాగలి నడచిన జాడ యని అర్థము చెప్పినాడు. తెలుగున నాగటిచాలు, మన కర్షకుల నోట ‘సాలు’. అష్టాధ్యాయిలో నాల్గవ అధ్యాయపు నాల్గవ పాదమున 91వ సూత్రము చాళ్లు తీసి సమముచేసిన పొలమును ‘సీత్యము’ అనుటకు ప్రత్యయమును విధించుచున్నది. కౌటిల్యుడు అర్థశాస్త్రము రెండవ అధికరణమున రాజుగారి సేద్యమును పర్యవేక్షించు అధికారికి ‘సీతాధ్యక్షుడు’ అని పేరుపెట్టి ఒక అధ్యాయమునే కేటాయించినాడు. కావున సీత యనగా వ్యాకరణవేత్తకును, రాజనీతివేత్తకును, కోశకారునకును ఒక్కటే అర్థము: విత్తనము పడుటకై నేల తెరచుకొన్న చోటు.

ఈ నాగటిచాలు వేదమున దేవత. ఋగ్వేదము నాల్గవ మండలమున వామదేవుడు దర్శించిన 57వ సూక్తము క్షేత్రపతిని, నాగలిని, ఎడ్లను, చివర సీతను స్తుతించుచున్నది. ఏటికేడు తమకు పాలవలె ఫలమును పిదుకుమని ఋషి సీతను ప్రార్థించినాడు. తైత్తిరీయ సంహిత నాల్గవ కాండమున అగ్నిచయనప్రకరణమున వేదికి ముందు ఆ నేలను దున్ని చాళ్లలో విత్తనములు చల్లుటకు మంత్రములు కలవు. యజ్ఞవేదిక యంతటిది కూడ నాగటిచాలు మీదనే నిలుచునని దీని తాత్పర్యము. తైత్తిరీయ బ్రాహ్మణము రెండవ కాండమున సీతా సావిత్రి యను ప్రజాపతి కుమార్తె సోముని వరించిన కథ కలదు. పారస్కర గృహ్యసూత్రమున సీతాయజ్ఞమను కర్మ విహితమైనది. అందు సీత ఇంద్రపత్నిగా ఆహూతురాలు. రామకథకు పూర్వమే, రామకథతో నిమిత్తము లేకయే, ఈ పేరు పంటకు, సమృద్ధికి పర్యాయమై పూజలందుకొన్నది. దీనినిబట్టి ఆ శబ్దముననే కష్టమున్నదనుట నిలువదు.

ఇక వాల్మీకి. బాలకాండ 66వ సర్గమున జనకుడు విశ్వామిత్రునితో, తాను పొలము దున్నుచుండగా నాగటిచాలునుండి లేచిన కన్య గనుక సీతయని ప్రసిద్ధి పొందెనని చెప్పినాడు. అయోధ్యాకాండ 118వ సర్గమున సీతయే అనసూయకు ఈ వృత్తాంతమును స్వయముగా వినిపించినది. ఇందొక విశేషము కలదు. ఆపస్తంబ గృహ్యసూత్రము మగపిల్లవాని పేరు రెండక్షరములు లేక నాలుగక్షరములు కలిగియుండవలెననియు, ఆడపిల్ల పేరు బేసి సంఖ్య గల అక్షరములు కలిగియుండవలెననియు విధించినది. పారస్కరుడును బేసి అక్షరములనే చెప్పుచు తద్ధితరూపమును స్త్రీలకు విధించినాడు. జానకి, వైదేహి, మైథిలి: మూడును తద్ధితరూపములు, మూడును మూడక్షరములు. ఇవి తండ్రినిబట్టి, వంశమునుబట్టి, దేశమునుబట్టి ఏర్పడినవి. సీత యన్నది రెండక్షరముల పేరు, తద్ధితము కాదు, సూత్రమునకు లొంగలేదు. అది తండ్రినిబట్టి గాని కులమునుబట్టి గాని వచ్చినది కాదు గదా! నేలనుబట్టి వచ్చినది. తక్కిన పేర్లు ఆమె ఎవరి బిడ్డయో చెప్పును. సీత యన్న పేరు ఒక్కటియే ఆమె తానై ఎట్లు వచ్చినదో చెప్పును.

సూత్రమునకు లొంగని పేరు పెట్టవచ్చునా యని సందేహము కలుగవచ్చును. మన తెలుగు తల్లులు దీనికి ఎప్పుడో పరిష్కారము చూపిరి. సీతకు ‘అమ్మ’ చేర్చిరి. సీతమ్మ మూడక్షరములైనది, సూత్రమును సరిపోయినది. ఇది మన దేశపు పాత పద్ధతి. వేములవాడ చాళుక్యుల నాటి పంపకవి తల్లి పేరు అబ్బణబ్బె. పంపని తమ్ముడు జినవల్లభుడు కురిక్యాల గుట్టపై పదవ శతాబ్దమున వేయించిన శాసనమున ఆనాటి స్త్రీల పేర్ల తీరు కనిపించును. కాకతీయుల కాలమునకు వచ్చునప్పటికి ముప్పమాంబ, మైలాంబ, రుద్రాంబ వంటి పేర్లు శాసనములకెక్కినవి. మూలము సంస్కృతమైనను దేశ్యమైనను, చివర అబ్బె, అంబ, అమ్మ అను తల్లి వాచకమును చేర్చి పుట్టిన పసికందునే తల్లిగా సంబోధించుట మన ఆచారము. సీతమ్మ ఆ వరుసలోనిదే.

పేర్ల విషయమున స్మృతులు చెప్పినదేమో చూతము. మనుస్మృతి రెండవ అధ్యాయము 33వ శ్లోకమున స్త్రీనామము సుఖముగా పలుకదగినది, క్రూరము కానిది, అర్థము స్పష్టమైనది, మనోహరమైనది, మంగళకరమైనది, దీర్ఘాక్షరముతో ముగియునది, ఆశీర్వాదమును తెలుపునది కావలెనని కలదు. ఇందేది సీతానామమునకు తక్కువ? ఆ స్మృతిలోనే మూడవ అధ్యాయము తొమ్మిదవ శ్లోకమున నక్షత్రముల, చెట్ల, నదుల పేర్లు గల కన్యను వివాహమాడరాదని మరియొక మాట కలదు. మన లోకము దానిని పాటించినదా? రోహిణి, రేవతి, తులసి, గంగ, గోదావరి, నర్మద లేని ఊరు లేదు. అనగా, గ్రంథమున నిషేధమున్న పేర్లను నిర్భయముగా పెట్టుకొని, నిషేధము లేని పేరునకు భయపడుచున్నాము. నేను పఠించిన గృహ్యసూత్రములలోగాని స్మృతులలోగాని సీతయని పేరిడరాదను వాక్యము కనబడదు.

జన్మనక్షత్రమునుబట్టి అక్షరము కుదరలేదని మరికొందరు అందురు. పంచాంగములలోని పట్టికప్రకారము ‘సీ’ శతభిషము మూడవ పాదమునకు చెందినది. గనుక ఆ పాదమున పుట్టిన పిల్లకే ఆ పేరు తగునని వారి వాదము. ఆపస్తంబుడు నక్షత్రనామమును వేరుగా చెప్పి, అది రహస్యముగా ఉండవలెనని విధించినాడు. వ్యవహారనామము వేరు, నక్షత్రనామము వేరు. నలుగురు పిలిచెడి పేరునకు పట్టికలోని అక్షరము తప్పనిసరి కాదు. ఈ భేదమును మరచుటచే, అక్షరము ముందు కుదిరి అర్థము తరువాత వెదకవలసిన పరిస్థితి యేర్పడినది. ‘ఈ పేరునకు అర్థమేమి?’ అని పేరు పెట్టిన పిమ్మట పండితుని అడుగవచ్చు తల్లిదండ్రులు నేడు కొల్లలు. కొన్నింటికి ఏ ధాతువును పొసగదు, ఏ కోశమును సాక్ష్యమీయదు. అర్థము లేని శబ్దమునకు భయపడనివారు అర్థవంతమైన సీతకు భయపడుట విచారకరము.

ఇంతవరకు చెప్పినది శాస్త్రపక్షము. అయితే ఆ ముత్తైదువల మాటను మూఢనమ్మకమని త్రోసివేయుట న్యాయము కాదు. సీత పుట్టిన మిథిలలోనే ఇట్టి భయము కలదు. మార్గశీర్ష శుద్ధ పంచమిని వివాహపంచమి యని జనకపురమున మహోత్సవముగా జరుపుదురు. కాని ఆనాడు తమ కుమార్తెలకు పెండ్లి చేయుటకు మిథిలావాసులు చాలమంది ఇష్టపడరు. అది పుట్టింటివారి దుఃఖము. అప్పగించిన ఆడబిడ్డ అడవులపాలైనదని, నిండుచూలాలుగా విడువబడినదని వారు నేటికిని మరువలేకున్నారు. మన పల్లెలలో ఆ మాటను పలుకు వృద్ధస్త్రీలును తమ జీవితములలో ఎంతో అనుభవించినవారే. “సీత కష్టములు సీతవి, పీత కష్టములు పీతవి” అని సామెత కట్టిన లోకము స్త్రీ కష్టమునకు సీతను కొలబద్దగా చేసికొన్నది. మనుమరాలికి ఆ కష్టము రాకూడదను కోరికలో తప్పేమియు లేదు.

తప్పు ఎచటనున్నదనగా, కష్టమునకు కారణముగా పేరును ఎంచుటలో ఉన్నది. రాముడు పదునాలుగేండ్లు అడవులలో తిరిగినాడు, తండ్రిని కోల్పోయినాడు, భార్యను రెండుమార్లు కోల్పోయినాడు. అయినను రాముని పేరు పెట్టని వాడ మన దేశమున లేదు. హరిశ్చంద్రుడు కాటికాపరియైనాడు, ఆ పేరు పెట్టుకొన్నవారు లేరా? పురుషుని కష్టము అతని ఔన్నత్యమునకు నిదర్శనముగను, స్త్రీ కష్టము ఆమె పేరునకు అంటిన దోషముగను ఎన్నుట ఏ న్యాయము? మరియొకటి చూడుడు. సీతారామయ్య, సీతారాములు, సీతారామశాస్త్రి, సీతారామరాజు అని మగవారికి పేరిడునపుడు సీతయే ముందు నిలుచును. మన్యమున పోరాడి 1924లో ప్రాణమర్పించిన అల్లూరి సీతారామరాజు పేరున సీత కలదు. ఆ పేరే ఆయన కష్టమునకు కారణమని ఎవరును అనలేదు. కైకేయి పేరు పెట్టరు, ఆమె చేసిన పనిచేత. శూర్పణఖ పేరు పెట్టరు, ఆమె స్వభావముచేత. ఏ తప్పును చేయని సీతను తెచ్చి వారి సరసన నిలుపుట ఆమెకు మరల చేసిన అపవాదమే. ఆనాడును ఆమెను అడవికి పంపినది దైవము కాదు, పేరు కాదు; లోకుల మాట.

వాల్మీకి ఆమెను కేవలము దుఃఖభాజనముగా చిత్రింపలేదు. బాలకాండ నాల్గవ సర్గమున తన కావ్యమునకు రామాయణమని, సీత యొక్క మహాచరితమని, పౌలస్త్యవధయని మూడు పేర్లు సూచించినాడు. అరణ్యకాండ తొమ్మిదవ సర్గమున, వైరము లేని రాక్షసులను చంపుట ధర్మమా యని రాముని ప్రశ్నించినది సీత. సుందరకాండమున హనుమంతుడు వీపున మోసికొనిపోయెదనన్నను ఒప్పుకొనక, రాముడే వచ్చి గెలిచి తీసికొనిపోవుట యుక్తమని నిశ్చయముగా పలికినది సీత. యుద్ధానంతరమున తనను పీడించిన రాక్షసస్త్రీలను చంపెదనన్న హనుమంతుని వారించి, వారు పరాధీనలని క్షమించినది సీత. ఈ వివేకము, ఈ ధైర్యము, ఈ క్షమ పిల్లకు కలుగవలెనని పేరు పెట్టరాదా?

మన భాషయే ఈ భయమునకు సమాధానము చెప్పుచున్నది. రెక్కలపై రంగుల కోక కట్టిన చిన్నప్రాణికి తెలుగువాడు సీతాకోకచిలుక యని పేరు పెట్టినాడు. మన గుట్టలలో ఆశ్వయుజమాసమున పండు తీయని పండు సీతాఫలము. బతుకమ్మలో గునుగు, తంగేడుల సరసన పేర్చెడి ఎర్రని కుచ్చుపువ్వు సీతజడ. ఏ పేరున కష్టము మాత్రమే ఉన్నదో ఆ పేరును ఇంత అందమైన వాటికి ఎవరైనను పెట్టుదురా? మన పూర్వులకు సీత యనగా అందము, తీపి, పండుగ. జావా ద్వీపమున రామకథ నేటికిని నాట్యరూపమున, తోలుబొమ్మల రూపమున జీవించుచున్నది. అచట సీతకు ‘సింత’ యని పేరు. ముస్లిములు అధికసంఖ్యాకులైన ఆ ఇండొనేషియాలో ఆడపిల్లలకు సింత యని పేరు పెట్టుట నేటికిని సాధారణము. సముద్రమునకు ఆవలివారికి లేని భయము, నందాదీపమును కాపాడుకొనుచున్న మనకేల?

ఈ పేరు గల తెలుగు స్త్రీలు చరిత్రలో నిలిచిన దృష్టాంతములును కలవు. వాసిరెడ్డి సీతాదేవి (1933-2007) తెలుగు నవలారచయిత్రులలో ప్రముఖురాలు. ఆమె నవలలలో సేద్యగాని జీవితమును చిత్రించిన దాని పేరు ‘మట్టిమనిషి’. నాగటిచాలు పేరు ధరించిన రచయిత్రి మట్టిని గురించి వ్రాయుట కాకతాళీయమైనను ఉచితముగానున్నది. మరి ములుగు ప్రాంతమునుండి శాసనసభకు ఎన్నికై 2023లో తెలంగాణ రాష్ట్రమంత్రిగా ప్రమాణము చేసిన అనసూయగారిని ప్రజలు సీతక్క యనియే పిలుతురు. ఆమె రాజకీయపక్షముతో నాకు ప్రసక్తి లేదు. ప్రజలు ప్రేమతో పిలుచుటకు ఆ పేరు అడ్డు రాలేదని చూపుటయే నా ఉద్దేశము.

నర్మాల వద్ద మానేరుపై కట్టిన ఎగువ మానేరు జలాశయము గంభీరావుపేట మండలముననే కలదు. ఆ పరిసరములలో జ్యేష్ఠ పూర్ణిమకు ఏరువాక సాగించు ఆచారమును పెద్దలు ఎరుగుదురు. నేడు నాగలి స్థానమున ట్రాక్టరు వచ్చినది, ఎడ్లు తరిగినవి. అయినను విత్తనము చాలులోనే పడవలెను. చాలు తీయని పొలము పండదు. సేద్యమునకు దూరమగుచున్న మన పిల్లలకు ఆ చాలును జ్ఞాపకము చేయు సంస్కృతపదము ఒక్కటి ఇంటింట బ్రదికియుండినది. అది కూడ భయముచేత పోయినచో, పోవునది ఒక పేరు మాత్రమే కాదు, నేలతో మనకుగల బంధుత్వమును చెప్పు మాట.

ప్రతి ఆడపిల్లకు సీతయనియే పేరిడవలెనని నేను చెప్పుట లేదు. పేరు తల్లిదండ్రుల ఇష్టము. ఆపస్తంబుడు తండ్రిని, తల్లిని ఇరువురిని పేర్కొన్నాడు. నా మనవి రెండు మాటలు మాత్రమే. పౌరోహిత్యము చేయు మిత్రులు, సీతయని పేరు పెట్టవచ్చునా యని ఎవరైనను అడిగినచో, సందేహింపక పెట్టవచ్చునని చెప్పి, ఆ పేరునకు నాగటిచాలను అర్థమును కూడ వివరింపవలెను. తల్లిదండ్రులు, పిల్లకు కష్టము రాకూడదని నిజముగా కోరినచో, పేరును మార్చుటకంటె ముందు ఆ కష్టమును కలిగించు మాటలను, మనుష్యులను మార్చుటకు యత్నింపవలెను. పిల్లను చదివింపవలెను, పెండ్లి చేసి పంపిన పిమ్మట ఆమె మాటను వినవలెను, ఆమెపై అపవాదము వచ్చిననాడు లోకుల పక్షమున కాక ఆమె పక్షమున నిలువవలెను. అట్టి ఇంట సీతయను పేరు గల బిడ్డకు గోస యెచటిది? విజ్ఞులు ఈ విషయమును నిష్పాక్షికముగా పరిశీలింతురు గాక.